చెవితో చూసే వార్తలు

నరసాపురం,
నవంబరు 1996.

ఒసే దుర్గా,

క్షేమసమాచారాలన్నీ నువ్వే ఊహించుకో, అవి రాసే ఓపిక నాకు లేదు. రెండు ముక్కలు రాసేలోపు ఎవరో ఒకరు గుమ్మంలోకి వచ్చి "కళగారండీ, మా వీధిలో బొమ్మ రావట్లేదండీ" అంటారు. లేచి వెళ్ళి రావడం, మళ్ళీ కూర్చోవడం. ఇదీ నా బతుకు.

అసలు సంగతి విను. నాకు సొంత టీవీ ఛానలుందే! నవ్వకు. క్యాసెట్ల షాపు పెట్టినప్పుడూ నవ్వావు, మేడమీద డిష్ బిగించి వీధివీధికీ కేబుల్ లాగించినప్పుడూ నవ్వావు. ఇప్పుడు రోజూ సాయంత్రం ఏడింటికి అరగంటసేపు మన ఊరి వార్తలు వేస్తున్నాను. ఢిల్లీలో ఏం జరిగిందో చెప్పడానికి బోలెడుమంది ఉన్నారు. రేవులో గోదావరి దాటించే పంటు ఎందుకు ఆగిపోయిందో, ఎప్పటికి కదుల్తుందో చెప్పేవాడు ఒక్కడూ లేడు. అది నేను చెప్తాను. పేరు కళ టీవీ. మా ఆయన "నీ పేరు నువ్వే పెట్టుకోవడం ఏంటే, సిగ్గులేకుండా" అన్నాడు. మరి ఎవరి పేరు పెట్టాలిట?

ఈ ఆలోచన ఎలా వచ్చిందంటే, మా అమ్మ లేసు పని ఇచ్చే ఇళ్ళన్నీ నాకు తెలుసు కదా. ఇప్పుడు ఆ ఇళ్ళన్నిట్లోనూ నా కేబులే. కానీ ఆ ఆడవాళ్ళు టీవీ చూడరే! వింటారు. చూపు సూదిమీంచి తీస్తే అల్లిక తప్పుతుందిగా. టీవీ పెట్టుకుని, దానికి వీపు పెట్టి, బల్బు కిందకి జరిగి కూర్చుంటారు. అది చూసి నాకనిపించింది, బొమ్మ ఎలా ఏడ్చినా ఫరవాలేదు, మాట మాత్రం గణగణమనాలి అని.

డిష్షూ, కంట్రోల్ రూమూ అన్నీ రైసుమిల్లు సత్తిరాజుగారి మేడమీద. ఆ చుట్టుపక్కల అంత ఎత్తు మేడ ఇంకోటి లేదు. "ఆడపిల్లవి, ఏదో చేస్తానంటున్నావు, వాడుకోమ్మా" అని ఇచ్చేశారు మహానుభావుడు.

వార్తలు చదవడానికి ఒక పిల్ల దొరికింది. స్వరూప. మా వీధిలో బ్యాంకు ఉద్యోగం చేసే ఆయన భార్య. కరీంనగర్ అవతల ఏదో ఊరునుంచి బదిలీ మీద వచ్చారు. గొంతు ఎంత బాగుంటుందో! అయినా నీ గొంతు కాదులే. ఆదివారాలు నువ్వొచ్చి చదవాలి. కాలేజీలో నువ్వు పద్యం ఎత్తుకుంటే వరండాలో వెళ్ళేవాళ్ళు కూడా ఆగిపోయేవాళ్ళు, గుర్తుందా? ఎస్టీడీ బూత్‌లోంచి ఫోన్ చేద్దామంటే వెనకాల నలుగురు నిలబడి వింటారు. అందుకే ఉత్తరం. ఈ ఆదివారమే బస్సెక్కు. వార్తల క్యాసెట్ ఒకటి పంపుతున్నాను, చూడు.

నీ
కళ


ఇన్నీసుపేట, రాజమండ్రి,
డిసెంబరు 1996.

కళకి,

నీ క్యాసెట్ పక్కింటివాళ్ళ వీసీఆర్‌లో చూశాను. నవ్వలేదు. గర్వంగా ఉంది. మన బ్యాచ్‌లో అందరం ఎక్కడివాళ్ళం అక్కడ కుదురుగా కూర్చుంటే నువ్వొక్కదానివే కాలుగాలిన పిల్లిలా తిరిగావు, తిరిగి తిరిగి ఇంత పని చేశావు.

కానీ నేను తెలుగు టీచర్ని, ఎర్ర సిరా లేకుండా ఉండలేను. ఆ స్వరూప గొంతు నిజంగానే బాగుంది. రాసింది చదివినంతసేపూ ఇబ్బంది లేదు. సొంతంగా రెండు మాటలు కలిపినప్పుడే వాళ్ళ యాస దొర్లుతోంది. "పొద్దుగూకి వాన కొట్టింది" అంటే మీ రేవులో పంటు ఎక్కేవాడికి ఏం తెలుస్తుంది? వార్తలంటే అందరికీ ఒకేలా అర్థం కావాలి. ఆ పిల్లని కూర్చోబెట్టి మన మాట నేర్పించు. లేదా ప్రతి ముక్కా రాసి చేతికివ్వు. తొందరపడి పనులు చేసే నీ అలవాటు నాకు తెలుసు కాబట్టి చెప్తున్నాను.

నేను రావడం ఇప్పట్లో కుదరదు. అర్ధసంవత్సరం పరీక్షల పేపర్లు గుట్టలుగా పడున్నాయి. తరవాత చూద్దాం.

నీ
దుర్గ


నరసాపురం,
ఫిబ్రవరి 1997.

దుర్గా,

గబగబా రాసేస్తున్నాను, అక్షరాలు ఎలా ఉంటే అలా చదువుకో.

సత్తిరాజుగారు కంటి ఆపరేషనుకి హైదరాబాద్ బయల్దేరారు, కారులో. ఊళ్ళో పెద్దలంతా ఇంటిముందు చేరారు. కెమెరా పట్టుకుని నేనే తీశాను. ఆయన అద్దం దింపి, మొహం నిండా నవ్వుతో అందరికీ చెయ్యి ఊపుతున్నారు. సాయంత్రం అది రాయడానికి టైము చాల్లేదు. "స్వరూపా, ఈ ముక్క నువ్వే చెప్పెయ్యమ్మా" అన్నాను. చెప్పింది. "కొన్నాళ్ళుగా కంటి జబ్బుతో బాధపడుతున్న మన మిల్లు సత్తిరాజుగారు ఈ మధ్యాహ్నం పోయారు. ఊరి పెద్దలంతా వచ్చి సాగనంపారు."

అయిపోయింది కదే!

వాళ్ళవైపు పోవడమంటే వెళ్ళడం. మన దగ్గర పోవడమంటే ఏంటో నీకు నేను చెప్పాలా? నేను కెమెరా వెనకాలే ఉన్నాను. ఆపమని చెయ్యి ఊపేలోపు ఆ పిల్ల పంటు వార్తలోకి వెళ్ళిపోయింది. టీవీలో చూస్తే మనిషి నవ్వుతూ కారులో కూర్చున్నారు, చూసినవాళ్ళకి తెలుస్తుంది. కానీ చూసేదెవరు? మావాళ్ళు చూడరు, వింటారు అని నేనే గొప్పగా రాశానుగా నీకు.

లేసువీధుల్లోంచి ఆడవాళ్ళు సూదులు కింద పడేసి శోకాలు పెట్టుకుంటూ సత్తిరాజుగారింటికి వెళ్ళారు. ఆయన భార్య వరలక్ష్మమ్మగారు సావిట్లో కూర్చుని చిక్కుడుకాయలకి ఈనెలు తీసుకుంటున్నారట. "ఎంత పని జరిగిపోయిందమ్మా" అని వీళ్ళు మీద పడి ఏడుస్తుంటే, ఫోనొచ్చి ఉంటుంది, కొడుకులు నాదగ్గర దాచారు అనుకుని ఆవిడ కూలబడిపోయారు. నేను పరిగెత్తుకెళ్ళాను. "అమ్మా, మాట తప్పు దొర్లిందండీ, అయ్యగారు బాగున్నారండీ" అన్నాను. ఆవిడ నా మొహంలోకి చూసి "బాగున్నారని నీకెవరు చెప్పారు?" అన్నారు. నిజమేగా, నాకెవరు చెప్పారు? కారు దారిలో ఉంది. ఎక్కడుందో దేవుడికే తెలియాలి. పొద్దున్న హైదరాబాద్ నుంచి ఫోను వచ్చేదాకా ఆవిడ బొట్టు తడుముకుంటూ కూర్చున్నారు. నేను ఆ గుమ్మంలోనే కూర్చున్నాను. ఆవిడ లెమ్మనలేదు, ఉండమనలేదు.

పెద్దకొడుకు బుజ్జిబాబు ఒంటికాలి మీద లేచాడు. "మా అమ్మ ముందు మా నాన్నని చంపేశారు. ఉగాది వెళ్ళేలోపు ఆ అమ్మాయిని మానిపించండి. లేదంటే డిష్ తీసుకుని మేడ దిగండి" అన్నాడు. ఆ మేడకోసం భీమవరం కేబుల్ వాళ్ళు ఎప్పట్నుంచో వాళ్ళింటి చుట్టూ తిరుగుతున్నారు. వాళ్ళ చేతికి వెళ్తే సినిమాలే సినిమాలు, ఊరి వార్త ఒక్కటుండదు.

ఏం చెయ్యమంటావే? కూర్చుంటే నిలబడాలనిపిస్తోంది, నిలబడితే ఎటో వెళ్ళిపోవాలనిపిస్తోంది.

కళ


రాజమండ్రి,
ఫిబ్రవరి 1997.

కళా,

ముందే చెప్పాను అనను. అనకపోయినా అన్నట్టే కదా.

ఆ పిల్లని మానిపించెయ్. నీకు కఠినంగా ఉంటుంది, అయినా చెప్తున్నాను. ఆ పిల్లకి అది కాలక్షేపం, నీకు బతుకు. ఇంకో ఏడాదికో రెండేళ్ళకో వాళ్ళాయనకి బదిలీ అయితే పెట్టె సర్దుకుని వెళ్ళిపోతుంది. నువ్వు ఆ ఊళ్ళోనే ఉండాలి, ఆ వరలక్ష్మమ్మగారికి మొహం చూపించాలి. నీ తప్పు లేదనను. తెలిసి తెలిసీ రాయకుండా వదిలేశావు. ఇప్పుడు జాలికి పోయి ఛానల్ కూడా వదిలేసుకుంటావా?

గొంతులు దొరుకుతాయి. మేడ దొరకదు.

దుర్గ


నరసాపురం,
మార్చి 1997.

దుర్గా,

నీ ఉత్తరం చదివి చింపేద్దామనుకున్నాను. ఎంత సుళువుగా రాశావే, గొంతులు దొరుకుతాయని! సంతలో వంకాయలా?

స్వరూపని వెంటబెట్టుకుని వరలక్ష్మమ్మగారి దగ్గరికెళ్ళాను. ఆ పిల్ల కాళ్ళమీద పడిపోయింది. "అమ్మా, మా దిక్కు పోవుడంటే ఊరికి పోవుడే అమ్మా. నేను గట్ల అనుకోలే" అని ఏడ్చింది. ఆవిడ దాన్ని భుజం పట్టి లేపారు. తరవాత "మీ ఊళ్ళో పోయినవాళ్ళు తిరిగొస్తారా అమ్మా?" అని అడిగారు. "వస్తరమ్మా. పొద్దుగాల పోతరు, మాపటికి వస్తరు" అంది ఇది. ఆవిడ నవ్వారో ఏడ్చారో నాకు తెలియలేదు, కొంగు మొహానికి అడ్డం పెట్టుకున్నారు. లోపలికెళ్ళి ఆ పిల్లకి కుంకుమ తెచ్చి పెట్టారు. నా గుండెల మీంచి సగం బరువు దిగింది.

కానీ బుజ్జిబాబు దిగలేదు. "అమ్మ మెత్తన, నేను కాదు" అన్నాడు. ఊళ్ళో కుర్రాళ్ళు కూడా తక్కువ తినలేదు. స్వరూప వీధిలోకి వస్తే చాలు, "అక్కా, ఈ రోజు ఎవరు పోయారు?" అని వెక్కిరిస్తున్నారు. ఇప్పుడా పిల్ల నోరు తెరవడమే మానేసింది. కూరగాయల బజార్లో కూడా వేలు పెట్టి చూపించి కొనుక్కుంటోందట. నా దగ్గరికొచ్చి "నా వల్ల మీకు ఈ గొడవ వద్దు మేడం, నేను చదవను" అంది. కూర్చోవే అని కసిరాను. అయినా కూర్చోలేదు, ఏడింటికి వార్తల బదులు పాటలు వేస్తున్నాను. తిట్టినా బాధే, తిట్టకపోయినా బాధే.

ఉగాది దగ్గరకొచ్చేసింది. నాకు తోచింది ఒక్కటే. నువ్వు రా. ఒక్క నెల నువ్వు చదువు. ఈ పిల్లని మానిపించినట్టూ ఉంటుంది, పూర్తిగా పంపెయ్యకుండా నా దగ్గరే ఉంచుకున్నట్టూ ఉంటుంది. బుజ్జిబాబు చల్లబడ్డాక మళ్ళీ కూర్చోబెడతాను. నీ గొంతు వింటే ఈ ఊరు ఇంకేమీ గుర్తుంచుకోదు. పరీక్షలూ పేపర్లూ అని కబుర్లు చెప్పకు. ఇన్నాళ్ళనుంచీ నాకు మొహం చాటేస్తున్నావు. స్నేహితురాలివో కాదో ఇప్పుడు తేల్చెయ్.

కళ


రాజమండ్రి,
మార్చి 1997.

కళా,

ఆ పిల్ల కూరగాయలు వేలు పెట్టి చూపించి కొంటోందని రాశావు చూడు, అక్కడ ఆగిపోయాను. అక్కణ్ణించి ముందుకి చదవడానికి చాలాసేపు పట్టింది. ఎందుకంటే నేనూ అలాగే కొంటున్నాను.

నాకు గొంతు లేదే.

పోయిన వేసవిలో గొంతులో కాయ వచ్చిందని ఆపరేషన్ చేశారు. ప్రాణానికేం భయం లేదన్నారు, నిజంగానే లేదు. గొంతు మాత్రం తిరిగి రాలేదు. గాలి బయటికి వస్తుంది, అందులో ఎక్కడో మాట ఉంటుంది, దగ్గరికొచ్చి చెవి పెడితే వినిపిస్తుంది. అరవైమంది ఆడపిల్లల క్లాసులో ఎవరు చెవి పెడతారు? బళ్ళో నన్ను లైబ్రరీలో కూర్చోబెట్టారు. పుస్తకాలకి అట్టలు వేస్తున్నాను. పరీక్ష పేపర్లు, గుట్టలు అన్నీ అబద్ధం.

నీకెందుకు చెప్పలేదో తెలుసా? ఇక్కడ అందరికీ తెలుసు. అందరూ నాతో జాలిగా, గట్టిగా, చెవిటిదానితో మాట్లాడినట్టు మాట్లాడతారు. ఒక్క నీ ఉత్తరాల్లోనే నాకింకా గొంతు ఉంది. వచ్చి చదవవే అని నువ్వు పోట్లాడుతుంటే బావుండేది. ఇంకొన్నాళ్ళు పోట్లాడనిద్దాం అనుకున్నాను.

కరీంనగర్ నుంచి వచ్చిందో, కాకినాడ నుంచి వచ్చిందో, ఆ పిల్ల నోరు తెరిస్తే మాట గణగణమంటుంది. దాన్ని నేను మానిపించమన్నాను! గొంతులు దొరుకుతాయని రాశాను. కళా, దొరకవే. ఒట్టు, దొరకవు. మేడ దిగినా సరే, ఆ పిల్ల నోరు మాత్రం మూయించకు. మూసుకుని ఉండటం అలవాటైపోతుంది. నాకు అలవాటైపోయింది.

ఇంక పోట్లాడకు. రాలేను.

దుర్గ


నరసాపురం,
మే 1997.

నా దుర్గకి,

నీ ఉత్తరం అందిన రోజు నిన్ను నోటికొచ్చినట్టు తిట్టాను. ఇంతపని జరిగితే నాకు చెప్పవా, నేనేం పరాయిదాన్నా? తరవాత గోడకి ఆనుకుని ఏడ్చాను. మా ఆయన భయపడి ఎవరు పోయారే అన్నాడు. ఆ మాట వింటేనే ఇప్పుడు నాకు ఒళ్ళు మండుతుంది.

ఆ మర్నాడే బుజ్జిబాబు దగ్గరికెళ్ళాను. "మీ అమ్మగారిని బాధపెట్టానండి. అది జన్మలో మర్చిపోను. మేడ దిగుతున్నానండి. ఆ అమ్మాయి మాత్రం చదువుతుందండి" అన్నాను. అతను ఇది అనుకోలేదు. సత్తిరాజుగారు నల్లకళ్ళద్దాలు పెట్టుకుని పక్కనే పడక్కుర్చీలో ఉన్నారు. ఏదో అనబోయి కొడుకు వైపు చూసి ఊరుకున్నారు. ఆయన్ని ఏమనగలం, పెద్దాయన.

డిష్ ఇప్పుడు మా అమ్మ లేసుదారాలు దాచే గొడౌను మీద ఉంది. కొబ్బరిచెట్లు అడ్డం. గాలొస్తే బొమ్మ ఊగుతుంది. సగం వీధులు భీమవరం వాళ్ళకి మారిపోయాయి. లేసువీధుల్లో కూడా కొందరు మారారు. సినిమాలు బాగా వస్తాయట, పిల్లలు గోల పెడుతున్నారట. ఏమనను? మా లైన్‌మన్ రాముడు స్తంభం ఎక్కి మన వైరు కట్ చేసినప్పుడల్లా నా పేగు కోసినట్టుంటుంది. ఇంకా మొగల్తూరు వైపు లైను లాగుదామని చూస్తున్నాను. ఖాళీగా కూర్చుంటే పిచ్చెక్కుతుంది నాకు.

మొదటిరోజు ఏడయింది. స్వరూప కెమెరా ముందు కూర్చుంది. కాగితం చేతిలో ఉంది. పెదాలు కదుల్తున్నాయి, మాట రావడం లేదు. నేను సైగలు చేస్తున్నాను, నావల్ల కాలేదు. గొడౌను కిటికీ వీధిలోకే కదా, ఎదురింటి అరుగుమీంచి లేసు అల్లుకునే ముసలమ్మ ఒకావిడ గట్టిగా అరిచింది. "ఏవమ్మాయ్, టీవీ మూగపోయిందేంటి? చదువు, మాకు పొద్దుపోదు!" ఆ పిల్ల ఉలిక్కిపడి, అందరూ వింటుండగానే "చదువుతున్న, ఆగు అవ్వా" అంది. ఆ తరవాత ఆగలేదు.

ఇప్పుడు నీతో పని. ఏ మాటకి ఏ ఊళ్ళో ఏ అర్థమో చూసుకుని రాసేవాళ్ళు నాకు కావాలి. నేను రాస్తే తొందర, స్వరూప రాస్తే భయం. నువ్వు రాయి, ఆ పిల్ల చదువుతుంది. నువ్వు మాట్లాడక్కర్లేదు. లైబ్రరీలో అట్టలు వేసుకోవడానికా నువ్వంత చదువు చదివావు? జాలితో పిలుస్తున్నానని అనుకున్నావంటే చంపేస్తాను. నాకు అవసరమై పిలుస్తున్నాను. రాజీనామా ఇచ్చి రా.

నీ
కళ


రాజమండ్రి,
జూన్ 1997.

కళా,

రాజీనామా ఇచ్చాను. హెడ్‌మిస్ట్రెస్‌గారు చెవి దగ్గరికొచ్చి "బాగా ఆలోచించుకున్నావా?" అని అరిచారు. తల ఊపాను.

గురువారం మధ్యాహ్నం బస్సుకి దిగుతాను. ఒక్కటే బెంగ. రాజమండ్రిలో ఎవరి గొడవ వాళ్ళది, మాట్లాడకపోయినా జరిగిపోతుంది. మీ ఊరు అలా కాదు. బస్సు దిగి ఇంటికి చేరేలోపు పదిమంది "ఎవరమ్మాయండీ మీరు, ఎవరింటికండీ?" అంటారు. పలక్కపోతే ఇంకేమన్నా ఉందా? కొత్తగా వచ్చింది, ఎంత పొగరో అని వీధంతా చెప్పుకుంటారు. అది తలచుకుంటేనే కాళ్ళు వెనక్కి లాగుతున్నాయి.

అందుకని నా మొదటి వార్త రాసి పంపుతున్నాను. బుధవారం సాయంత్రం చదివించు. ఎక్కడైనా స్వరూపకి తన మాట పెట్టుకోవాలనిపిస్తే పెట్టుకోమను, నేను ఎర్ర సిరా పెట్టను.

"కళ టీవీ చూస్తున్న, వింటున్న అందరికీ నమస్కారమండి. రాజమండ్రి నుంచి వెంకటదుర్గగారు రేపు మన ఊరికి వస్తున్నారు. ఇక్కడే ఉంటారు. రోజూ మీరు వినే ఈ వార్తలు ఇకమీదట ఆవిడే రాస్తారు. జబ్బుచేసి ఆవిడకి గొంతు రాదండి. చెవులు మాత్రం బాగా వినిపిస్తాయి, గట్టిగా అరవక్కర్లేదు. బజార్లోనో, రేవులోనో కనబడితే పలకరించండి. జవాబు రాకపోతే గర్వమనుకోకండి. జవాబు రాలేదని పలకరించడం మాత్రం మానకండి."